జాగు అంచున పెంచలమ్మ పెద్దమ్మ

కరెంటు పోయినప్పుడు ఫ్యాను ఒక్కసారిగా ఆగదు. ముందు గాలి తగ్గుతుంది. తర్వాత రెక్కలు విడివిడిగా కనబడతాయి. ఆ తర్వాత దాని చప్పుడు బొంగురుపోయిన గొంతులా దిగుతూ దిగుతూ, ఇక ఆగిపోయిందనుకున్నాక కూడా ఇంకో చుట్టు తిరుగుతుంది. నెల్లూరులో నేను పనిచేసే కాన్పుల వార్డులో మొన్న మధ్యాహ్నం ఇదే జరిగింది. ఇన్వర్టరు అందుకోవడానికి పట్టుమని పది క్షణాలు పట్టలేదు. ఆ పది క్షణాలూ నేను చేతిలో సిరంజి పట్టుకుని గోడకేసి చూస్తూ ఉండిపోయానట. కొత్తగా చేరిన నర్సు పిల్ల వచ్చి "ఏం మేడమ్, కళ్లు తిరుగుతున్నాయా?" అని భుజం పట్టుకుంది. కళ్లు తిరగలేదు. ఆ చప్పుడు నాకు తెలిసిన చప్పుడు. మొగపాళెంలో జాగు అంచున నిలబడితే వినబడేది అదే. అది చెవిన పడితే చాలు, ఎక్కడున్నా సరే ముక్కుకు ఉప్పునీళ్ల వాసన తగులుతుంది, పక్కన పెంచలమ్మ పెద్దమ్మ నడుం లోతు నీళ్లలో నిలబడి ఉన్నట్టే అనిపిస్తుంది.

మా తీరం వాళ్లకు జాగు గురించి చెప్పబోవడం తాతకు దగ్గులు నేర్పడమే. ఎరగని వాళ్ల కోసం మాత్రం రెండు ముక్కలు చెప్పాలి. ముత్తుకూరు దాటి, కృష్ణపట్నం రేవు క్రేన్లు వెనకబడ్డాక, ఉప్పుటేరు సముద్రంలో కలిసే చోట మొగపాళెం అని ఒక చిన్న ఊరుంది. ఆ ఏటి మొగలో ఒక అర ఎకరం నీళ్లు వేరుగా ఉంటాయి. దూరం నుంచి చూస్తే తేడా తెలియదు. అక్కడి ఎండలో ఎవరో కాసిని పాలు కలిపినట్టు ఉంటుంది, అంతే. దగ్గరికి వెళితే అలలు కనబడతాయి గానీ కదలవు. కదలవని కాదు, కదిలేది మన కంటికి ఆనదు. ఒక తెల్లకొంగ ఆ నీళ్ల మీద రెక్కలు చాచి ఎగురుతూ ఉండేది. నేను ఆ ఊళ్లో ఉన్న ఆరేళ్లలో అది రెండు బారల దూరం పోయిందో లేదో. లోపల కాలం అంత నిదానం కాబట్టే దానికి జాగు అని పేరు. అంచున కొంత నయం, నడిమికి పోయేకొద్దీ చిక్కబడుతుంది. పీతల కోసమో, తెగిన వల కోసమో ఏమరుపాటున లోపలికి నడిచిన వాళ్లు చచ్చిపోలేదు. ఎత్తిన కాలు ఎత్తినట్టే అక్కడున్నారు. ఒడ్డున వాళ్ల తమ్ముళ్లు ముసలివాళ్లయ్యారు. పెద్ద చదువుల వాళ్లు వచ్చి లోపల యంత్రాలు పెట్టారు. అవి ఏ అంకె చూపాలో తేల్చుకునేలోపు వీళ్లకు విసుగొచ్చి వెళ్లిపోయారు. ఆ తర్వాత ఎవరో ముళ్లకంచె వేసి, ప్రమాదమని బోర్డు రాయించారు. కంచె మీద ఊరి ఆడవాళ్లు వలలు ఆరేసుకునేవారు.

నాది నెల్లూరుకు పడమర, వరిచేల మధ్య ఊరు. ఇరవై మూడేళ్ల వయసులో మొగపాళెం సబ్‌సెంటరుకు నర్సుగా వెళ్లాను. అదే మొదటి ఉద్యోగం. నాకు పుట్టుకతోనే ఓపిక తక్కువ. "నెలలు నిండేదాకా కూడా ఆగలేకపోయావు, ఇంక నీకు ఎవరు చెప్పగలరు" అని మా అమ్మ దెప్పేది. బస్సు ఆలస్యమైతే నడిచి వెళ్లిపోయే రకం నేను. అలాంటిదాన్ని తీసుకెళ్లి జాగు పక్కన పడేశారు. సబ్‌సెంటరుకు ఉండడానికి గది లేదు. ఊళ్లో వాళ్లు పెంచలమ్మ ఇంటి ముందుగది చూపించారు. ఆమెకు అప్పటికే అరవై దాటింది. భర్త సముద్రం మీద పోయి చాలాకాలమైంది, పిల్లలు లేరు. నల్లగా, పొడుగ్గా, కొయ్యలా నిటారుగా ఉండేది. ఎడమ చేతిని ఎప్పుడూ కొంగు కింద దాచుకునేది.

ఆ చేతిని నేను మొదటిసారి చూసింది నాడి చూద్దామని. ఊరి ఆడవాళ్లందరికీ రక్తపోటు చూస్తూ ఆమెను కూడా కూర్చోబెట్టాను. కొంగు తీస్తే మోచేతి కింద నుంచి ముప్పై ఏళ్ల ఆడమనిషి చేయి. ఒక్క ముడత లేదు, నరం తేలలేదు, గోళ్లు గులాబీ రంగులో మెరుస్తున్నాయి. పక్కనే కుడి చేయి ఎండిన చేపలా ఉంది. రెండు మణికట్లూ ఒకేసారి పట్టుకుని చూశాను. కుడివైపు కొట్టుకుంటుంది. నేను ఊపిరి తీసి వదిలేంత సేపటికి ఎడమవైపు కొట్టుకుంటుంది. చదువుకున్న చదువులో ఇది లేదు.

"ఏందిమే అట్టా చూస్తుండావు?" అంది ఆమె నవ్వుతూ. "చెయ్యి ఎప్పుడూ చూళ్లేదా?"

"ఇది మీ చేయేనా పెద్దమ్మా?"

"నాదేలే. దానికి జాగెక్కువ, అంతే. కుడి చెయ్యి వేడి గిన్నె ముట్టుకుంటే అప్పుడే చుర్రుమంటది. ఎడంది ముట్టుకుంటే నేను అన్నం తినేటప్పుడు చుర్రుమంటది. తింటా తింటా 'అబ్బా' అంటానా, పక్కింటోళ్లు కూర కారమైందనుకుంటారు."

ఆ ఊళ్లో ఆమె పని గంపలు పట్టుకోవడం. పొద్దున్నే తెప్పలు ఒడ్డుకొస్తాయి. కొనే వాళ్ల బండి సాయంత్రానికి గానీ రాదు. ఐసు తెప్పించుకునే స్తోమత అప్పట్లో ఎవరికీ లేదు. అందుకని చేపల గంపల్ని తాడుకు కట్టి జాగు అంచులోకి దించేవారు. లోపల కాలం నిదానం కాబట్టి పొద్దున పట్టిన చేప సాయంత్రం కూడా పొద్దున పట్టినట్టే ఉండేది. కానీ తాడును ఒడ్డున కొయ్యకు కట్టేసి ఇంటికి పోతే కుదరదు. జాగు తనలోకి వచ్చినదాన్ని నిమ్మళంగా నడిమికి లాక్కుంటుంది. మనిషి చేయి పట్టుకుని ఉంటేనే అంచున ఆగుతుంది. ఎందుకని అడిగితే ఆ ఊళ్లో ఎవరూ చెప్పలేకపోయారు. వాళ్ల తాతల నాటి నుంచి అలాగే జరుగుతోంది. పెద్దమ్మకు ముందు ఆమె అత్త పట్టుకునేది.

పట్టుకోవడానికి రెండే రెండు నియమాలు. ఎడమ చేయి మాత్రమే పెట్టాలి. మోచేయి దాటనివ్వకూడదు. "కుడి చెయ్యి మన నోటిది, ఎడం చెయ్యి దానికిచ్చేసినాం" అనేది పెద్దమ్మ. "మోచెయ్యి దాటితే భుజం. భుజం దాటితే గుండె. గుండెకు జాగెక్కిన మనిషి ఇంక మనతో నడవలేదు మే." ఈ మాటలు చెప్పేటప్పుడు మాత్రం ఆమె నవ్వేది కాదు.

పొద్దున ఎనిమిదింటికి నీళ్లలో దిగితే సాయంత్రం నాలుగింటికి ఒడ్డెక్కేది. అన్ని గంటలూ నిలబడే ఉండేది. లోపలి చేతికి మాత్రం అది రెండు మూడు నిమిషాల పని. ఆ కాస్త పనికి మనిషంతా రోజంతా కాపలా. మొదట్లో నాకు చిరాకేసేది. ఒడ్డున నిలబడి "మీకు విసుగు రాదా పెద్దమ్మా" అని అడిగేదాన్ని. "విసుగెందుకు మే, నువ్వు వచ్చి అడుగుతావు గదా, దాంతో కాస్త పొద్దు పోతాది" అనేది. ఆ మాటలో ఎత్తిపొడుపు ఉందని నాకు అర్థం కావడానికి నెల పట్టింది.

ఆ రోజుల్లో మా సబ్‌సెంటరులో ఫ్రిజ్ ఉండేది, కరెంటు ఉండేది కాదు. పసిపిల్లల టీకాలు పాడైపోతాయని నేను గింజుకుంటుంటే పెద్దమ్మే ఒకరోజు "ఆ డబ్బా ఇట్టా తే, గంపల పక్కన పెడతా" అంది. పైవాళ్లకు తెలిస్తే ఉద్యోగం ఊడుతుంది. అయినా తీసుకెళ్లాను. గంపల తాళ్లు చుట్టుకున్న ఆమె ఎడమ చేయి మణికట్టు దాకా జాగులో ఉంది, అరచేయి చాచి ఉంది. నేను నీళ్లలో దిగి, పెద్దావిడకు వస్తువు ఇస్తున్నానన్న మర్యాదతో కుడి చేయి ముందుకు చాపాను. పుట్టినప్పటి నుంచీ మా ఇంట్లో ఎడమచేత్తో ఏది ఇచ్చినా వీపు మీద దెబ్బ పడేది మరి. నా వేళ్లు ఆ పాల వెలుగులోకి పోయాయి. నొప్పి లేదు, చలి లేదు. ఏదో మంచి నిద్రలోకి జారుతున్నట్టు ఉంది, అంతే. ఇంకా కొంచెం, ఇంకా కొంచెం అనిపించింది. పెద్దమ్మ తన కుడి చేత్తో నా జబ్బ మీద ఎంత దెబ్బ కొట్టిందంటే డబ్బాతో సహా వెనక్కి పడ్డాను.

"నీ మర్యాద తగలెయ్యా!" అని అరిచింది. "అది మేనత్తా, మర్యాద చేసేదానికి?"

చూపుడు వేలు, నడిమి వేలు, రెండే. ఆ రెండు వేళ్ల గోళ్లను నేను ఇప్పటికీ ఏడాదికి ఒకసారి కత్తిరించుకుంటాను. ఆ రోజు సాయంత్రం నేను ఏడుస్తుంటే పెద్దమ్మే చేపల పులుసు కలిపి ముద్దలు పెట్టింది. ఎందుకు ఏడుస్తున్నానో నాకే తెలియదు. భయమేసి కాదు. ఆ నిద్ర నాకు నచ్చింది. అది ఆమెతో చెప్పలేకపోయాను. చెప్పకపోయినా ఆమెకు తెలిసినట్టే ఉంది. "అందరికీ నచ్చుద్ది మే. అందుకే గదా దానికి ఒక చెయ్యే ఇచ్చేది" అంది.

నన్ను నర్సును చేసింది ఆ ఊరే, ఆ ఊళ్లో ఆమే. ఒకసారి ఒక బాలింత బిడ్డకు టీకా వేయించడానికి రాలేదని నేను ఇంటి ముందు నిలబడి కడిగిపారేసి వచ్చాను. పెద్దమ్మ అంతా విని, "నువ్వు అడిగినావు, తిరిగొచ్చేసినావు. మధ్యలో ఆ పిల్ల నోరు తెరిచేదానికి తావేదీ?" అంది. మర్నాడు మళ్లీ వెళ్లి అడిగి, గడపలో కూర్చుని ఊరుకున్నాను. చాలాసేపటికి ఆ పిల్ల చెప్పింది, మొదటి బిడ్డ టీకా వేయించిన వారానికే జ్వరం వచ్చి పోయిందని. అందుకు టీకా కారణం కాదని చెప్పడానికి నాకు ఆ మధ్యాహ్నమంతా పట్టింది. బిడ్డను తనే ఎత్తుకొచ్చింది. ఓపిక అంటే ఊరికే ఉండడం కాదని, ఒక చేత్తో ఏదో పట్టుకుని ఉండడమని అప్పుడు తెలిసింది.

ఇక కామాక్షి సంగతి. నేను అక్కడికి వెళ్లిన మూడో ఏడు కార్తీకంలో మూడు రోజులు ఆగకుండా వాన కొట్టింది. ఊరికి బయటి దారి ఒక్కటే, ఏటి మీద చప్టా. దాని మీద మనిషి లోతు నీళ్లు పారుతున్నాయి. కామాక్షికి అది తొలి కాన్పు. భర్త శీనయ్య రేవులో పనికి పోయి ఏటికి అవతల చిక్కుకున్నాడు. తెల్లవారుజామున నొప్పులు మొదలై, పొద్దు పొడిచేసరికి ఆడపిల్ల పుట్టింది. బిడ్డ బాగానే ఉంది. తల్లికి నెత్తురు ఆగలేదు. నా దగ్గరున్న సూదులన్నీ వేశాను, పొట్ట మర్దన చేశాను, సెలైను ఎక్కించాను. తగ్గినట్టే తగ్గి మళ్లీ మొదలైంది. అంబులెన్సు వచ్చి చప్టాకు అవతల నిలబడి ఉంది. ఆ ఉరవడిలో పడవ వేస్తే నేరుగా జాగు నడిమికి కొట్టుకుపోతుందని మగవాళ్లు తల అడ్డంగా ఊపారు. కామాక్షి పెదవులు తెల్లబడుతున్నాయి. నా చేతుల్లో ఇరవై ఏళ్ల పిల్ల పోతోంది, నేను చూస్తున్నాను.

పెద్దమ్మ గుమ్మంలో నిలబడి అడిగింది, "ఎంతసేపు ఉంటది?"

"ఇట్లాగే పోతే గంట. అంతకన్నా తక్కువే."

"నీళ్లు ఎప్పుడు తీస్తాయంట?"

"సాయంత్రానికి తగ్గొచ్చంటున్నారు."

ఆమె ఒక్క క్షణం ఏటి వైపు చూసింది. "అయితే ఆ గంటనే సాయంత్రం దాకా సాగదీద్దాం పా" అంది.

నేను ఒప్పుకోలేదు. లోపలికి పోయిన మనిషి తిరిగిరావడం ఎవరైనా చూశారా అని అడిగాను. "పట్టుకున్నోళ్లు లేక రాలేదు" అంది. మనిషి బరువుకు అంచు సరిపోదు, లోతుగా పెట్టాలి, లోతుగా పెట్టాలంటే మోచేయి దాటాలి అన్నాను. "ఆ సంగతి నాకు చెప్తావా మే?" అంది. కామాక్షి అత్త బిడ్డను ఒళ్లో పెట్టుకుని మా ఇద్దరి ముఖాలూ మార్చి మార్చి చూస్తోంది. నేను సెలైను సీసా చేతికి తీసుకుని లేచాను. నా దగ్గర ఇంకో దారి లేదు.

కామాక్షిని తెప్ప మీద పడుకోబెట్టి తాళ్లతో కట్టారు. జాగు మా ఒడ్డు వైపు ఒరిగిన చోట నీళ్లు ఉరవడి లేకుండా ఉంటాయి. అక్కడ దిగి నలుగురు మగవాళ్లు తెప్పను నెట్టారు. ముందు కామాక్షి పాదాలు, తర్వాత పొట్ట, తర్వాత ముఖం ఆ తెల్లటి వెలుగులోకి పోయాయి. మూలుగుతున్న పిల్ల మూలుగు మధ్యలో గొంతు లావై, సన్నగిల్లి, ఆ ఆగిపోయే ఫ్యాను చప్పుడులో కలిసిపోయింది. తెప్ప కొయ్య చివర పెద్దమ్మ పిడికిట్లో ఉంది. ఆమె చేయి మోచేయి దాటింది, జబ్బ దాటింది, భుజం దాకా పోయి ఆగింది. చెంప వెలుగుకు ఆనుకుంది. "సరిపోయింది" అంది.

ఆ రోజంతా నేను ఆమె పక్కనే నీళ్లలో ఉన్నాను. ఏదో కలలో గడిచినట్టుంది ఆ పగలు. వాన వెలిసింది, ఎండ వచ్చింది, మబ్బు పట్టింది. లోపల కామాక్షి ముఖం మీద ఒక్క వాన చినుకు జారుతూ, కణత నుంచి చెవి దాకా రావడానికి మధ్యాహ్నమైంది. ఆమె పెదవులు నిదానంగా విడుతున్నాయి. ఏదో అడగబోతోందని తెలుస్తోంది. నెత్తురు మాత్రం కదలడం లేదు. ఒడ్డున బిడ్డ ఏడిస్తే పక్కింటి బాలింత పాలిచ్చింది, మళ్లీ ఏడిస్తే మళ్లీ ఇచ్చింది. పెద్దమ్మకు నేను అన్నం ముద్దలు చేసి పెట్టాను. నమలడం మెల్లగా, ఇంకా మెల్లగా అయింది. ఆమె కుడి మణికట్టు నా చేతిలోనే ఉంది. నిమిషానికి డెబ్బై ఉన్న నాడి పది గంటలకు అరవై అయింది, రెండింటికి నలభై ఎనిమిది అయింది.

"పెద్దమ్మా, ఇంక చాలు. గుండెకు ఎక్కుతోంది. ఇంకెవరినైనా పెడదాం."

"ఇంకొకరికి చెయ్యి మార్చే లోపల అది లాక్కునిపోద్ది" అంది ఆమె. మాటకూ మాటకూ మధ్య చాలా ఖాళీ ఉంది. "నువ్వు లెక్క పెట్టబాక. ఊరికే నిలబడు."

నిలబడ్డాను. నా జన్మలో అంతసేపు ఒకచోట నిలబడింది అదే మొదలు.

నాలుగున్నరకు చప్టా మీద నీళ్లు మోకాలి లోతుకు దిగాయి. అంబులెన్సు ఇవతలికి వచ్చింది. తెప్పకు కట్టిన తాడును మగవాళ్లు కొద్దికొద్దిగా లాగడం మొదలుపెట్టారు. గట్టిగా లాగితే తాడు తెగుతుంది. కామాక్షి ముఖం బయటికి రాగానే పొద్దున మొదలుపెట్టిన మాట పూర్తయింది. "బిడ్డ ఏడ్చిందా?" అని అడిగింది. ఆమెకు అది అప్పుడే కాన్పైన క్షణం. ఆ వెంటనే నెత్తురు మళ్లీ మొదలైంది. అందరం అరుచుకుంటూ స్ట్రెచరు ఎత్తాం. పెద్దమ్మ భుజం ఇంకా లోపలే ఉంది. తెప్ప ఆమె పిడికిలిలోంచి జారిపోయింది గానీ ఆ పిడికిలికి ఆ సంగతి ఇంకా తెలియలేదు.

"పొండిమే" అంది ఆమె. "నా చెయ్యి నిదానంగా వస్తాది. ఆ పిల్ల నెత్తురు మీకోసం ఆగదు."

వెళ్లిపోయాం. నేను అంబులెన్సు ఎక్కాను. మగవాళ్లు బండిని చప్టా దాటించడానికి వెంట పరుగెత్తారు. ఆడవాళ్లు బిడ్డను తెచ్చి బండిలో అందించారు. ఒడ్డున ఎవరూ మిగల్లేదని నాకు తర్వాత తెలిసింది. నెల్లూరు ఆసుపత్రిలో ముగ్గురు కుర్రవాళ్లు నెత్తురిచ్చారు. కామాక్షి బతికింది. మూడో రోజు నేను మొగపాళెం తిరిగి వచ్చేసరికి పెద్దమ్మ ఇంటి అరుగు మీద కూర్చుని ఉంది. ఎడమ చేయి ఒళ్లో ఉంది, పిడికిలి బిగుసుకుని ఉంది.

అది మళ్లీ తెరుచుకోలేదు. నేను వేడినీళ్ల కాపడం పెట్టాను, నువ్వులనూనె రాసి మర్దన చేశాను, నెల్లూరు తీసుకెళ్లి పెద్ద డాక్టరుకు చూపించాను. నరం చచ్చిందన్నాడు. నరం చావలేదని నాకు తెలుసు, నా వేలు ఆ పిడికిలిలో పెడితే నెత్తురాడనంత గట్టిగా ఉండేది. ఆమె మాత్రం నవ్వేది. "అదింకా ఆడనే ఉండాది మే. పట్టుకోనుండాది" అనేది. గంపల పని పోయింది. ఒక్క కుడిచేత్తో వండుకునేది. నడక నిదానమైంది, మాట నిదానమైంది. ఒక ప్రశ్న అడిగి నేను బట్టలు ఉతికి ఆరేసి వస్తే అప్పుడు జవాబు చెప్పేది. మూడేళ్లు ఆ జవాబుల కోసం నేను ఆగాను. అదొక్కటే నేను ఆమెకు చేయగలిగింది. కామాక్షి బిడ్డనెత్తుకుని కొత్త చీరతో వచ్చింది, కాళ్లకు మొక్కింది. పెద్దమ్మ బిడ్డ తల నిమిరి, చాలాసేపటికి "చల్లగా ఉండు" అంది. మేమందరం ఆమె ముఖం చూసే మాట్లాడాం.

ఒక మాఘమాసం పొద్దున ఆమె లేవలేదు. కుడిచేతిలో నాడి లేదు. గుండె మీద స్టెత్ పెట్టి, ఆమె సంగతి తెలుసు కాబట్టి అందరికన్నా ఎక్కువసేపు విన్నాను. ఏమీ లేదు. కళ్లలో టార్చి వేశాను. ఏమీ లేదు. ఎడమ చేయి మాత్రం వెచ్చగా ఉంది. అందులో నాడి తాపీగా, ఆరోగ్యంగా కొట్టుకుంటోంది. ఆమె పోయిన కబురు ఆ చేతికి ఇంకా చేరలేదు. వెచ్చటి చేయి ఉన్న మనిషిని ఆ ఊళ్లో ఎత్తరు. ముందు గదిలో పడుకోబెట్టి, దీపం పెట్టి, ఊరంతా వాకిట్లో కూర్చున్నారు. ఎన్నాళ్లని ఎవరూ అడగలేదు.

అప్పటికి రేవు దగ్గర కాపురం ఉంటున్న కామాక్షి కబురు అంది వచ్చింది. మూడేళ్ల కూతుర్ని గడపలో దించి, లోపలికి వచ్చి, అందరూ కూర్చున్న తల వైపు కాకుండా ఎడమ పక్కన కూర్చుంది. ఆ పిడికిలిని రెండు చేతులతో తీసుకుని నోటి దగ్గర పెట్టుకుంది. చెవిలో చెప్పినట్టే దానికి చెప్పింది.

"పెద్దమ్మా, నేను కామాక్షిని. బయటికి వచ్చేసినా. ఆ రోజే వచ్చేసినా. బిడ్డ కూడా బాగుండాది, మాటలు చెప్తుండాది. ఇంక వదిలెయ్యి. నువ్వు పట్టుకోబట్టే వచ్చినా. ఇంక వదిలెయ్యి తల్లీ."

నేను గోడకు ఆనుకుని వింటున్నాను. మూడేళ్లు రాసిన నూనె, పెట్టిన కాపడాలు, చూపించిన డాక్టర్లు అన్నీ కళ్ల ముందు తిరిగాయి. ఒక్క మాట చెప్పాలని తోచలేదు నాకు. ఆ రోజు అంబులెన్సు ఎక్కేముందు ఒక్క నిమిషం వెనక్కి తిరిగి "ఆ పిల్ల దక్కింది, నువ్విక వదులు" అని ఆ చేతికి చెప్పి ఉంటే సరిపోయేదేమో. పట్టుకున్న చేతికి పని అయిపోయిందని ఎవరూ చెప్పలేదు. చెప్పకపోతే దానికెలా తెలుస్తుంది? సిగ్గుతో నాకు ఏడుపు కూడా రాలేదు.

కామాక్షి పొద్దున చెప్పిన మాట ఆ చేతికి చేరేసరికి సాయంత్రమైంది. ముందు చిటికెన వేలు లేచింది. తర్వాత ఉంగరపు వేలు. ఒక్కో వేలికీ ఒక్కో వత్తి ఆరేంత సేపు పట్టింది. అరచేయి పూర్తిగా తెరుచుకున్నప్పుడు చూస్తే అది తడిగా ఉంది. ఆ రోజు ఏటి నీళ్లు, రెండు ఇసుక రేణువులు. కామాక్షి తన చెంప ఆ తడికి ఆనించి, నాడి ఆగేదాకా అలాగే ఉంది.

మూడు నెలల తర్వాత నాకు బదిలీ ఉత్తర్వు వచ్చింది, తప్పించుకుని ఇంకో మూడు నెలలు అక్కడే ఉండి, ఆ తర్వాత నెల్లూరు వచ్చేశాను. ఇప్పుడు నా వార్డు నుంచి ఇంటికి వెళ్లే ప్రతి తల్లినీ ఒక మాట అడుగుతాను. నెత్తురిచ్చింది ఎవరు, వాన్లో ఆటో తోలింది ఎవరు, మొదటి రాత్రి పక్కన కూర్చుంది ఎవరు, వాళ్లకు చెప్పావా అని. ఏమని చెప్పాలి మేడమ్ అంటారు. "గట్టెక్కినా, ఇంక నీ పని అయిపోయింది అని చెప్పమ్మా" అంటాను. కొందరు నా ముఖం వింతగా చూస్తారు. కొందరు ఫోను తీస్తారు. కొందరు పిల్లను భుజాన వేసుకుని వరండా చివరిదాకా నడిచి వెళ్లి, అక్కడ బెంచీ మీద కునుకు తీస్తున్న మనిషిని లేపి చెబుతారు. ఎంత ఆలస్యమైనా సరే, వాళ్లు తిరిగి వచ్చేదాకా నేను డిశ్చార్జి కాగితం చేతిలో పట్టుకుని నిలబడతాను.